మావయ్యగారికి ఎవరు చెప్పాలి?

విజయనగరం నుంచి ఒక పాఠకురాలు పెద్ద ఉత్తరం రాశారు. ఆమె భర్త నేవీలో కెప్టెన్. శ్రీకాకుళం జిల్లా ఉద్దానంలో, సోంపేట దగ్గరి ఒక పల్లెటూరు ఆయనది. ఐదో తరగతి దాకా ఊరి బడిలోనే, తెలుగు మీడియంలో చదివారు. తండ్రి జీడితోట తాకట్టు పెట్టి విజయనగరంలో కోచింగ్ ఇప్పిస్తే కోరుకొండ సైనిక్ స్కూల్లో ఆరో తరగతి సీటొచ్చింది. అక్కణ్ణుంచి ఖడక్‌వాస్లాలో ఎన్‌డీఏ (నేషనల్ డిఫెన్స్ అకాడమీ), ఆ తర్వాత నేవీ. కొచ్చి, ముంబై, అండమాన్, విశాఖ తిరిగారు. ఒక యుద్ధనౌకకు కమాండింగ్ ఆఫీసర్‌గా చేశారు. ఏడేళ్ళ కిందట కెప్టెన్ అయ్యారు. ఇప్పుడు 48 ఏళ్ళు, పోస్టింగ్ ఢిల్లీలో, నౌకాదళ ప్రధాన కార్యాలయంలో.

కెప్టెన్ పై ర్యాంకు కమోడోర్. దానికి ఎంపిక చేసే బోర్డులో ఆయన పేరు మొదటిసారి రాలేదు. పోయినేడాది రెండోసారీ రాలేదు. ఆ రోజు ఫోన్ చేసి "రాలేదు" అని ఒక్క మాట చెప్పి పెట్టేశారట. ఇంకొక్క సమీక్ష మిగిలింది. అది మొక్కుబడేననీ, ఈలోగానే ముందస్తు విరమణకు పేపర్లు పెట్టేస్తాననీ అంటున్నారు. గుజరాత్‌లో ఒక ప్రైవేటు ఓడరేవులో పెద్ద జీతానికి ఉద్యోగం సిద్ధంగా ఉంది.

ఊళ్ళో 78 ఏళ్ళ మావయ్యగారు ఉన్నారు. ప్రతి ఆదివారం ఫోన్ చేసి "అమ్మీ, బోర్డు ఎప్పుడంట?" అని అడుగుతారు. "వాయిదా పడింది మావయ్యగారూ" అని ఈమె చెబుతారు. అలా చెప్పమన్నది భర్తే. ఏడాదిగా ఇదే నడుస్తోంది. పక్కింటివాళ్ళ మనవడు ఆర్మీలో అధికారిగా చేరి రెండేళ్ళకే కెప్టెన్ అయ్యాడట. "మీవోడు ఇన్నేళ్ళకీ కెప్టెనేనేటి?" అని ఎవరో అంటే పెద్దాయన పౌరుషంగా "ఈయేడు మావోడు అడ్మిరలే" అనేశారు. రథసప్తమికి కొడుకు అరసవల్లి దర్శనానికి వస్తే ఊళ్ళో సన్మానం చేయించాలని నలుగురితో మాట్లాడి ఉంచారు కూడా.

పాఠకురాలిది ఎమ్మెస్సీ మ్యాథ్స్. పెళ్ళికి ముందు డిగ్రీ కాలేజీలో లెక్చరర్. బదిలీల మూలంగా ఎక్కడా కుదురుగా ఉద్యోగం చేయలేకపోయారు. కూతురి ఇంటర్ కోసం పుట్టిల్లు విజయనగరం వచ్చాక ఒక జూనియర్ కాలేజీలో చేరారు. వచ్చే విద్యా సంవత్సరం నుంచి లెక్కల విభాగం చూసుకోమని యాజమాన్యం అడుగుతోంది. కూతురు ఎంపీసీ రెండో సంవత్సరం. ఎన్‌డీఏ పరీక్ష రాస్తానంటే తండ్రి "అక్కర్లేదు" అని ఒక్క మాటతో తోసేశారట.

ఉత్తరం చివర్లో ఆమె ఇలా రాశారు: "రెండోసారి రాలేదని తెలిసిన రోజు ఒక్క నిమిషం నాకు హాయిగా అనిపించింది. ఇంకో బదిలీ ఉండదు కదా అనుకున్నాను. ఆయన గొంతు గుర్తొచ్చి వెంటనే నా మీద నాకే అసహ్యం వేసింది. నేను ఆయన్ని ఆపాలా, వెళ్ళనివ్వాలా? మావయ్యగారికి ఎవరు చెప్పాలి? నాకింత స్వార్థం ఎక్కణ్ణుంచి వచ్చింది?"

అమ్మా, చివరి ప్రశ్నకే ముందు జవాబు చెబుతాను. అది తేలకుండా మిగతావి తేలవు.

ఆ నిమిషం మీకు కలిగిన హాయికీ ఆయనకు ప్రమోషన్ రాకపోవడానికీ సంబంధం లేదు. మళ్ళీ సామాను కట్టక్కర్లేదు, మళ్ళీ క్వార్టర్స్ కోసం వెయిటింగ్ లిస్టులో ఉండక్కర్లేదు, పిల్ల టీసీ పట్టుకుని కొత్త స్కూల్ ఆఫీసు ముందు నిలబడక్కర్లేదు అన్న హాయి అది. రెండు మూడేళ్ళకోసారి ఊరు మారుతూ, ఆయన సముద్రం మీద ఉన్న నెలల్లో ఇల్లంతా ఒక్కరే మోసుకుంటూ ఇన్నేళ్ళు వచ్చారు. చదివిన చదువును వెళ్ళిన ప్రతి ఊళ్ళోనూ మొదటి నుంచి మొదలుపెట్టి మధ్యలో వదిలేశారు. ఇంత అలసిపోయిన మనిషికి ఒక్క నిమిషం ఊపిరి ఆడితే దానికి స్వార్థం అని పేరు పెట్టకండి.

నాకు భయం వేసేది మీరు దాన్ని దాచుకోవడం గురించి. రేపు ఆయన గుజరాత్ మాట ఎత్తితే మీరు "మావయ్యగారి ఆరోగ్యం" అంటారు, "అమ్మాయి చదువు" అంటారు. అవీ నిజాలే. కానీ "నా ఉద్యోగం, నేను ఇక కదలలేను" అన్న మాట వాటి వెనకాల ఉండిపోతుంది. మీరేదో మింగుతున్నారని ఆయన పసిగడతారు. ఇప్పుడున్న మనఃస్థితిలో దాన్ని ఎలా అర్థం చేసుకుంటారో తెలుసా? తనకు ర్యాంకు రాలేదని భార్య కూడా తగ్గించి చూస్తోందనుకుంటారు. "ఆపాలా, వెళ్ళనివ్వాలా" అని మీరు తీర్పరిలా అడిగారు. ఈ వ్యవహారంలో మీరు కూడా కక్షిదారే. మీ వాదన మీరు వినిపించాలి.

ఇక ఆయన సంగతి. బయటివాళ్ళకు ఈ ర్యాంకుల లెక్క అర్థం కాదు, ఇంట్లోవాళ్ళకూ పూర్తిగా చెప్పరు. అందుకని కాస్త వివరంగా రాస్తున్నాను. నేవీలో అధికారిగా కమిషన్ పొందినవారికి రెండేళ్ళకు లెఫ్టినెంట్, ఆరేళ్ళకు లెఫ్టినెంట్ కమాండర్, పదమూడేళ్ళకు కమాండర్. అధికారుల ప్రమోషన్ల మీద వేసిన ఏవీ సింగ్ కమిటీ సిఫార్సులు 2004 చివర్లో అమల్లోకి వచ్చాక ఇంతవరకూ సర్వీసు లెక్కనే నడుస్తోంది. కమాండర్ దాటాక బోర్డు. అక్కడ ఎంపిక కాని కమాండర్‌కు 26 ఏళ్ళ సర్వీసు నిండాక టైమ్ స్కేల్ మీద కెప్టెన్ ర్యాంకు ఇస్తారు. మీవారు ఏడేళ్ళ కిందటే కెప్టెన్ అయ్యారంటే బోర్డులో ఎంపికై అయినవారన్నమాట. చాలామంది మంచి అధికారులు ఆగిపోయిన చోటును ఆయన దాటి వచ్చారు.

కమోడోర్ దగ్గరికి వచ్చేసరికి ఖాళీలు ఇంకా తగ్గిపోతాయి. బోర్డు ముందుకు మనిషి వెళ్ళడు, ఆయన రికార్డు వెళుతుంది. ఏటేటా పై అధికారులు రాసిన రహస్య నివేదికలు, ఓడ మీద చేసిన కమాండ్, చేసిన కోర్సులు, వైద్య స్థితి. ఆ స్థాయికి వచ్చిన బ్యాచ్‌లో రికార్డు బాగాలేనివాళ్ళు దాదాపు ఉండరు. ఎన్నో ఏళ్ళ కిందట ఎవరో ఒక అధికారి మార్కులు వేయడంలో చెయ్యి కాస్త బిగబట్టి ఉంటే దాని తేడా ఇప్పుడు కనబడుతుంది. ఖాళీలు అయిపోయిన చోట గీత పడుతుంది. గీతకు కింద ఉన్నవాడు చేతకానివాడని ఆ బోర్డు ఎక్కడా రాయదు.

ఇదంతా మీవారికి తెలియక కాదు. ఇంతకుముందు తన కింద పనిచేసినవాళ్ళకు ఇదే ఓదార్పు ఆయన కూడా చెప్పి ఉంటారు. అయినా ఎందుకింత కుంగిపోయారు? నాకు తోచింది చెబుతాను. పదేళ్ళ వయసులో సైనిక్ స్కూల్ ప్రవేశ పరీక్షలో మొదలుపెట్టి, ఎన్‌డీఏ రాతపరీక్ష, ఐదు రోజుల ఎస్‌ఎస్‌బీ ఇంటర్వ్యూ, కెప్టెన్ బోర్డు దాకా ప్రతి జల్లెడలోనూ పైన మిగిలిన మనిషి ఆయన. మనలో చాలామందికి కుర్రతనంలోనే ఒక సీటు పోతుంది, ఒక ఉద్యోగం పోతుంది, ఆ దెబ్బకు ఒళ్ళు అలవాటు పడుతుంది. ఆయనకు ఆ అలవాటు లేదు. 47 ఏళ్ళు దాటాక మొదటిసారి ఆ మాట విన్నారు, మళ్ళీ ఏడాదిలోపే రెండోసారి. పైగా తనకంటే జూనియర్ పై ర్యాంకుతో అదే కారిడార్‌లో ఎదురైతే సెల్యూట్ చేయాలి. యూనిఫాం వేసుకునేవాళ్ళకు అది రోజూ తగిలే దెబ్బ. బయట కంపెనీలో ప్రమోషన్ రానివాడి బాధ ఇంత బహిరంగంగా ఉండదు.

కాబట్టి "పేపర్లు పెట్టేస్తాను" అన్న మాటలో సగం ఆలోచన, సగం ఆ కారిడార్ నుంచి తప్పించుకోవాలన్న తొందర ఉన్నాయని నా అనుమానం. రెంటినీ విడదీయడానికి ఆయనకు కాస్త సమయం కావాలి, పక్కన కూర్చునే మనిషి కావాలి. ఆ మనిషి మీరే అయి తీరాలని లేదు. ఇదే అనుభవం దాటి, ఆ తర్వాత సర్వీసులో కొనసాగిన సీనియర్ ఒకరు, బయటికి వచ్చేసిన సీనియర్ ఒకరు ఆయనకు తప్పకుండా తెలిసి ఉంటారు. ఇద్దరితోనూ మాట్లాడమనండి. ఒక్కరితో మాట్లాడితే ఆ ఒక్కరి దారే సరైనదనిపిస్తుంది.

ఇప్పుడు ఒక్కో దారీ ఎక్కడికి పోతుందో చూద్దాం.

ఆయన పేపర్లు పెట్టకుండా మూడో సమీక్షకు ఉండిపోయారనుకోండి. పేరు రావచ్చు, రాకపోవచ్చు. రెండుసార్లు రాని పేరు మూడోసారి రావడం తక్కువే, మీకు ఉత్తి ఆశ పెట్టను. రాకపోయినా ఉద్యోగం పోదు. కెప్టెన్‌గానే ఆ ర్యాంకు రిటైర్మెంటు వయసు వరకూ చేయవచ్చు, ఇంక్రిమెంట్లు పడుతూనే ఉంటాయి. డబ్బు దగ్గర మీ బంధువులు ఊహించేంత తేడా లేదు. ఏడో వేతన సంఘం పట్టికలో నేవీ కెప్టెన్ మూల వేతనం 1,30,600 దగ్గర మొదలైతే కమోడోర్‌ది 1,39,600. నెలకు 15,500 రూపాయల మిలిటరీ సర్వీస్ పే ఇద్దరికీ ఒకటే. బోర్డుల ఆరాటం తీరిపోయాక కొందరు అధికారులు స్థిమితపడి మంచి పని చేస్తారు. కొందరు మాత్రం ఉన్నన్నాళ్ళూ లోపల రగులుతూనే ఉంటారు. మీవారు ఏ రకమో మీకే బాగా తెలుసు.

ఉండిపోతే అడగదగ్గది ఒకటుంది: విశాఖ పోస్టింగ్. తూర్పు నౌకాదళ కమాండ్ ప్రధాన కేంద్రం అక్కడే. విజయనగరానికి రైల్లో గంట దూరం. ముసలి తండ్రి, ఇంటర్ చదివే కూతురు, భార్య ఉద్యోగం, ఈ కారణాలు రాసి కుటుంబ పరిస్థితుల మీద బదిలీ కోరవచ్చు. ఇస్తారన్న హామీ లేదు. కానీ అడగనివాళ్ళకు అసలే రాదు. ఆత్మాభిమానం వల్ల ఆయన ఇన్నేళ్ళలో ఒక్కసారి కూడా అలా అడిగి ఉండరని అనుకుంటున్నాను. మావయ్యగారు ఆయన మీద ఆధారపడినవారిగా నమోదై ఉంటే విశాఖలో నేవీ ఆసుపత్రి ఐఎన్‌హెచ్‌ఎస్ కళ్యాణిలో వైద్యం కూడా దొరుకుతుంది. నమోదు చేశారో లేదో చూసుకోండి. నెల ఆదాయానికి పరిమితి ఉంటుంది, తోట మీద వచ్చేది లెక్క చెప్పాల్సి వస్తుంది.

మూడో సమీక్షకు ముందే పేపర్లు పెడితే? ముందస్తు విరమణ కోరడమే ఆయన చేతిలో ఉంది, ఒప్పుకోవడం పైవాళ్ళ చేతిలో ఉంది. దరఖాస్తు మెట్టు మెట్టుగా పైకి వెళుతుంది, నెలలు పడుతుంది, సర్వీసు అవసరాల పేరుతో తిప్పి పంపవచ్చు. ఒప్పుకున్నాక మనసు మారితే వెనక్కి రావడం కష్టం. ఇరవై ఏళ్ళ సర్వీసు దాటింది కాబట్టి పెన్షన్‌కు ఢోకా లేదు. ఆఖరి జీతంలో సగం లెక్కన వస్తుంది, అందులో సగం దాకా కమ్యూట్ చేసుకుని ఏకమొత్తంగా తీసుకోవచ్చు, ఆ భాగం పదిహేనేళ్ళకు తిరిగి పెన్షన్‌లో కలుస్తుంది. చాలామంది చూసుకోని చిక్కు ఒకే ర్యాంకు ఒకే పెన్షన్ (ఎప్పుడు రిటైరైనా ఒకే ర్యాంకు, ఒకే సర్వీసు ఉన్నవారికి ఒకే పెన్షన్ ఇచ్చే పథకం) దగ్గర ఉంది. 2014 జూలై 1 తర్వాత తమంతట తాము ముందుగా విరమించినవారిని ప్రభుత్వం ఆ పథకం నుంచి మినహాయించింది. దీనిమీద కొందరు ట్రిబ్యునల్‌కు వెళ్ళారు. తను పేపర్లు పెట్టే నాటికి నిబంధన ఎలా ఉందో ఆయన పెన్షన్ విభాగంలో లిఖితపూర్వకంగా కనుక్కోవాలి. ఇప్పుడు చిన్నగా కనిపించే తేడా ముప్ఫై ఏళ్ళ పెన్షన్ మీద, ఆ తర్వాత మీకు వచ్చే ఫ్యామిలీ పెన్షన్ మీద పడుతుంది. గుజరాత్ ఉద్యోగానికి కూడా, రిటైరైన కొత్తలో సీనియర్ అధికారులు ప్రైవేటు కంపెనీలో చేరాలంటే ప్రభుత్వ అనుమతి తీసుకోవాలి. ఆ కంపెనీవాళ్ళు అంతవరకూ ఆగుతామని కాగితం మీద ఇచ్చారా?

బయటికి రావడం తప్పని నేను అనడం లేదు. 48 ఏళ్ళకు కొత్త పని మొదలుపెట్టడానికి ఒంట్లో సత్తువ ఉంటుంది, 54కు అంత ఉండదు. ఓడ నడిపినవాడికి ఓడరేవు పని కొత్త కాదు. రక్షణ శాఖలో పునరావాస డైరెక్టరేట్ రిటైరవబోయే అధికారుల కోసం ఐఐఎంల వంటి చోట మేనేజ్‌మెంట్ కోర్సులు నడుపుతుంది. ఒక కోర్సు చేసి, తన వెల తెలుసుకుని, నిదానంగా వస్తే గుజరాత్ ఒక్కటే దిక్కు అవ్వదు. విశాఖలోనే హిందుస్థాన్ షిప్‌యార్డ్ ఉంది, నౌకాదళం నుంచి వచ్చిన అధికారులు దానికి అధిపతులుగా కూడా పనిచేశారు. విశాఖ, గంగవరం రేవులు ఉన్నాయి. మీ మావయ్యగారి ఊరి వైపే, సంతబొమ్మాళి మండలంలో మూలపేట ఓడరేవు కడుతున్నారు. వీటిలో ఏదైనా దొరుకుతుందని మాటివ్వలేను. మొదట వచ్చిన పిలుపుకే తలూపితే వీటిని చూసే అవకాశమే ఉండదని మాత్రం చెప్పగలను.

మూడో దారి, ఫిర్యాదు. ఫలానా ఏడాది నివేదికలో తనకు అన్యాయం జరిగిందని ఆయన దగ్గర గట్టి ఆధారం ఉంటే నేవీ చట్టం, 1957 ప్రకారం పై అధికారులకు ఫిర్యాదు చేసుకునే హక్కు ఉంది. జవాబు నచ్చకపోయినా, ఆరు నెలల్లో రాకపోయినా సాయుధ దళాల ట్రిబ్యునల్‌కు వెళ్ళవచ్చు. ఢిల్లీలో ప్రధాన బెంచి ఉంది, మన రాష్ట్రం చెన్నై బెంచి కిందికి వస్తుంది. ఆధారం ఉంటే గడువులు దాటకుండా వెళ్ళాలి, మొహమాటపడకూడదు. "ఎందుకు రాలేదో చెప్పండి" అన్న బాధ మాత్రమే ఉంటే ఈ దారి నేను చెప్పను. ఏళ్ళ తరబడి పాత ఫైళ్ళు తిరగేస్తూ ఆ గాయాన్ని రోజూ రేపుకోవడమే అవుతుంది.

నా మొగ్గు ఎటో దాచను. బోర్డు కొద్ది నెలల్లోనే ఉంటే దాన్ని చూసి, ఆ తర్వాతే పేపర్ల సంగతి తేల్చుకోవడం మేలనిపిస్తుంది. ముందే వెళ్ళిపోతే "ఉండి ఉంటే వచ్చేదేమో" అన్న అనుమానం ఆయన్ని వదలదు. వచ్చిందనుకోండి, మీకు మళ్ళీ బదిలీ తప్పదు, ఇంకొన్నేళ్ళకు రియర్ అడ్మిరల్ బోర్డు, ఇదే కథ మళ్ళీ. అందుకు మీ ఇద్దరూ సిద్ధమేనా అన్నది కూడా ఇప్పుడే మాట్లాడుకోవాలి.

మావయ్యగారి విషయంలో నేను కాస్త గట్టిగానే చెబుతాను. ఆయనకు చెప్పాల్సింది కొడుకే. మీరు చెప్పకూడదు. కోడలి నోటి నుంచి వింటే "నా కొడుకు నాతో చెప్పలేకపోయాడు" అన్న రెండో బాధ తోడవుతుంది. పైగా ఏడాది నుంచి వాయిదా అని చెప్పింది మీరే గనక, అబద్ధం మీ ఖాతాలో పడుతుంది.

మీ ఉత్తరంలో ఒక సంగతి రాసి దాని మీద మీరేమీ అనకుండా వదిలేశారు. నేను మాత్రం దాని దగ్గరే ఆగిపోయాను. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను ఉద్దానం మీద పడ్డప్పుడు మీ మావయ్యగారి కొబ్బరితోట నేలమట్టమైంది. కొడుకు ఓడ మీద ఉన్నాడు. వారం తర్వాత ఫోన్ కలిస్తే "ఇక్కడంతా బాగుంది, నువ్వు నీ పని చూసుకో" అన్నారు. సెలవు మీద వచ్చాక గానీ తోట లేదని ఆయనకు తెలియలేదు. అంటే దూరంగా ఉన్నవాణ్ణి బాధపెట్టకూడదని అబద్ధం చెప్పడం ఆ ఇంట్లో మొదట చేసింది పెద్దాయనే. కొడుకు అదే చేస్తున్నాడు. పెద్దాయన దీన్ని మీకంటే త్వరగా అర్థం చేసుకుంటారు. డెబ్బై దాటిన వయసులో, కాయ రావడానికి ఏళ్ళు పడుతుందని తెలిసి, మళ్ళీ కొబ్బరిమొక్కలు నాటించిన మనిషాయన. కొడుక్కి ర్యాంకు రాలేదన్న మాటకు పడిపోతారని నేననుకోను. నాలుగు రోజులు ముభావంగా ఉంటారు. ఒకటి రెండుసార్లు "ఎవరో కావాలనే ఆపేసుంటారు" అంటారు. అననివ్వండి.

చెప్పకపోతే ఏమవుతుందో కూడా ఆలోచించండి. సన్మానం ఏర్పాట్లు అయిపోతాయి, ఫ్లెక్సీ కట్టేస్తారు. ఆ రోజు మీవారు వచ్చి లేని ర్యాంకుకు దండ వేయించుకోవాలి, లేదా ఏదో సాకుతో రాకుండా ఉండాలి. మొదటిది యూనిఫాం వేసుకున్న మనిషి చేయలేడు. రెండోది చేస్తే నలుగురిలో తల దించుకోవాల్సింది ముసలాయనే. అందుకని రథసప్తమికి ముందే, ఫోన్‌లో కాకుండా, మీవారు ఒక్కరే రెండు రోజుల సెలవు పెట్టి ఊరెళ్ళడం మంచిది. పలాసలోనో సోంపేటలోనో రైలు దిగి తండ్రి దగ్గర ఒక రాత్రి పడుకుంటే మాట అదే వస్తుంది. మీరు వెంట వెళ్ళకండి. మీరుంటే ఇద్దరూ మీతోనే మాట్లాడతారు.

ఊరివాళ్ళ మాటకు మాత్రం పెద్దాయన చేతికి ఒక నిజం ఇవ్వండి. నేవీ కెప్టెన్ అంటే ఆర్మీలో కల్నల్‌తో సమానం. పక్కింటి మనవడు నేవీలో ఉండి ఉంటే ఇప్పుడు లెఫ్టినెంట్. మీవారికి కమోడోర్ వచ్చినా అది అడ్మిరల్ కాదు, ఆర్మీలో బ్రిగేడియర్‌తో సమానం. సన్మానమే కావాలనుకుంటే ఉన్న ర్యాంకుకే చేయించుకోవచ్చు. ఉద్దానం పల్లె బడిలో అక్షరాలు దిద్దిన పిల్లవాడు భారత యుద్ధనౌకకు కమాండింగ్ ఆఫీసర్ అయ్యాడు. దానికి దండ వేయడానికి ఏ బోర్డు అనుమతీ అక్కర్లేదు.

ఈలోగా ఆదివారం ఫోన్ వస్తే "వాయిదా" అని ఇక అనకండి. "ఆయనే వచ్చి మీతో మాట్లాడతానన్నారు మావయ్యగారూ" అనండి. అందులో అబద్ధం లేదు, ఆయనకు సగం అర్థమూ అవుతుంది. కాకపోతే అలా అనబోతున్నట్టు మీవారికి ముందే చెప్పి ఉంచండి.

అమ్మాయి గురించి రెండు మాటలు. ఎన్‌డీఏలోకి అమ్మాయిలు 2022 నుంచి వెళుతున్నారు, తొలి బ్యాచ్ 2025 మేలో పాసై బయటికి వచ్చింది. ఎంపీసీ చదువుతోంది కాబట్టి నేవీ కూడా కోరుకోవచ్చు. పదహారున్నర నుంచి పంతొమ్మిదిన్నర ఏళ్ళ లోపు వయసుకే ఈ అవకాశం. తండ్రి "అక్కర్లేదు" అన్నది తన గాయం నుంచి వచ్చిన మాట, పిల్ల శక్తి గురించి అన్నది కాదు. ఆ సంగతి పిల్లకు మీరే చెప్పాలి, లేకపోతే తనను తక్కువ చేశారనుకుంటుంది. దరఖాస్తు గడువు దాటనివ్వకండి. అప్లై చేసినంత మాత్రాన చేరినట్టు కాదు, ఆయనకు మనసు కుదుటపడ్డాక మళ్ళీ మాట్లాడుకోవచ్చు. ఆయన అభ్యంతరం అప్పటికీ ఉంటే, ఆ ఉద్యోగంలో కష్టం ఏమిటో కూతురికి అన్నీ విప్పి చెప్పమనండి. ఆయనకంటే బాగా చెప్పగలిగినవాళ్ళు ఆమెకు ఎక్కడ దొరుకుతారు?

చివరికి మీ ఉద్యోగం. మన శ్రీకాకుళం తీరం నుంచి చేపల వేటకు గుజరాత్‌లోని వేరావల్ వెళ్ళే మత్స్యకారుల ఇళ్ళలో ఆడవాళ్ళు నెలల తరబడి ఒంటరిగా సంసారం లాగుతారు. అక్కడ వేరే గతి ఉండదు. మీ ఇంట్లో ఇన్నాళ్ళూ బదిలీ ఉత్తర్వు వచ్చేది, ఎవరినీ తప్పుపట్టే వీలు లేకపోయేది. గుజరాత్‌కు అలాంటి ఉత్తర్వేమీ ఉండదు, మీ ఇద్దరూ కలిసి ఒప్పుకుంటేనే అది జరగాలి. ఆయన వెళ్ళి మీరు విజయనగరంలో ఉండిపోవచ్చు, ఇప్పుడున్నట్టే నడుస్తుంది, కానీ రిటైరయ్యాక కూడా వేరువేరుగా ఉండడం ఆయనకు ఒప్పుదలేనా? మీరు కూడా వెళితే లెక్కల విభాగం వదులుకోవాలి, ఈ వయసులో మరోసారి ఇలాంటి పిలుపు రావడం అంత తేలిక కాదు. ఆయన విశాఖ వైపు చూసుకుంటే జీతం తగ్గవచ్చు, ఇద్దరి జీతాలూ కలిపి చూస్తే ఆ తగ్గుదల ఎంతో మీకు నేను చెప్పక్కర్లేదు, లెక్కలు మీ పాఠమే. కాగితం మీద వేసి ఆయన ముందు పెట్టండి. అధికారులు కాగితానికి విలువిస్తారు.

కాలేజీవాళ్ళకు మీరు ఎప్పటిలోగా జవాబివ్వాలో ఉత్తరంలో రాయలేదు. రేపే వెళ్ళి ఆ తేదీ కనుక్కోండి. ఈ రాత్రి ఆయన ఫోన్ చేస్తే బోర్డు గురించి, గుజరాత్ గురించి మీరు అడగకండి. "నాకు కాలేజీలో ఈ అవకాశం వచ్చింది, నాకు చేయాలని ఉంది" అన్న ఒక్క మాట ముందు చెప్పండి. ఆ నిమిషం హాయి సంగతి ఎదురుగా కూర్చున్నప్పుడు చెప్పవచ్చు, ఆయన ఊరి నుంచి తిరిగి వస్తూ విజయనగరంలో దిగినప్పుడు.